కులపర్వతాల ఉనికి: పురాణ, శాసన ఆధారాల పరిశీలన

వ్యాససంగ్రహం

మహేంద్రం, మలయం, సహ్యం, శుక్తిమంతం, ఋక్షం, వింధ్యం, పారియాత్రం అనే ఏడింటిని పురాణాలు భారతవర్షంలోని కులపర్వతాలుగా పేర్కొన్నాయి. కావ్య వ్యాఖ్యానాలలోను, చరిత్ర గ్రంథాలలోను ఈ పేర్లకు ఎదురుగా నేటి పర్వతాల పేర్లను చేర్చి సరిపెట్టుకోవడం పరిపాటి అయింది. పురాణాలలో ఈ పేర్లు నదుల జన్మస్థానాలను తెలుపుతాయి. ప్రశస్తులలో రాజుల ఆధిక్య ప్రకటనకు, దానశాసనాలలో వంశదేవతల నెలవులను తెలపడానికి అవే పేర్లు వచ్చాయి. ఈ మూడు ప్రయోజనాలను వేరుచేయకుండా పర్వతాల ఉనికిని నిర్ణయిస్తే రాజ్యాల సరిహద్దులు తారుమారవుతాయని నిరూపించడం ఈ వ్యాసం ఉద్దేశం. ఇందుకు మహేంద్ర పర్వతాన్ని ప్రధాన ఉదాహరణగా స్వీకరించడమైనది.

కీలక పదాలు: కులపర్వతాలు, మహేంద్రగిరి, పురాణ భూగోళం, నాసిక్ శాసనం, ప్రయాగ ప్రశస్తి, తూర్పు కనుమలు, శ్రీపర్వతం.

1. ఉపోద్ఘాతం

ఆధునిక భూగోళశాస్త్రం పర్వతశ్రేణిని గుర్తించడానికి శిలానిర్మాణం, ఎత్తు, అక్షాంశ రేఖాంశాలు వంటి ప్రమాణాలను వాడుతుంది. హిమాలయాలు, ఆల్ప్స్, ఆండీస్ మొదలైన శ్రేణుల ఎల్లలు నేటి పటాలలో ఈ ప్రమాణాలతోనే ఏర్పడ్డాయి. ప్రాచీన గ్రంథకర్తల ప్రమాణాలు వేరు. కొండను వారు అక్కడ పుట్టే నదిని బట్టి, అక్కడ నివసించే జనాన్ని బట్టి, అక్కడ వెలసిన దేవతను బట్టి గుర్తించారు. కాబట్టి ప్రాచీన నామాన్ని నేటి పటంలో చూపడానికి పూనుకునే పరిశోధకుడు, ఆ పేరు ఏ ప్రమాణంతో వాడబడిందో ముందుగా తెలుసుకోవలసి ఉంటుంది.

పురాణాలలో పర్వతాల విభజన రెండంచెలుగా ఉంది. జంబూద్వీపాన్ని వర్షాలుగా విడదీసేవి వర్షపర్వతాలు. హిమవంతం, హేమకూటం, నిషధం, మేరువు, నీలం, శ్వేతం, శృంగవంతం ఈ కోవలోనివి. వాటిలో దక్షిణాన ఉన్న హిమవంతానికి, సముద్రానికి మధ్య ఉన్న భారతవర్షంలోని ఏడు శ్రేణులు కులపర్వతాలు. హిమాలయం ఈ ఏడింటిలో చేరకపోవడానికి కారణం ఇదే. అది భారతవర్షానికి ఎల్ల. అమరకోశంలోని శైలవర్గం హిమవంతం, నిషధం, హేమకూటాలతో పాటు వింధ్య పారియాత్రకాలను ఒకే వరుసలో చెప్పింది. నిఘంటువును మాత్రమే ఆధారం చేసుకుంటే ఈ భేదం కనిపించదు. క్రీ.శ. 10వ శతాబ్ది నాటి రాజశేఖరుడు కావ్యమీమాంసలోని దేశవిభాగ ప్రకరణంలో కులపర్వతాలను ఏడుగా విడిగా లెక్కించాడు. కవికి దేశజ్ఞానం అవసరమని భావించి ఆయన ఈ ప్రకరణాన్ని కూర్చాడు.

'కుల' శబ్దానికి ఇక్కడ వంశం, జనసమూహం అనే అర్థాలు పొసగుతాయి. హేమచంద్ర రాయ్‌చౌధురి ప్రతి కులపర్వతానికీ ఒక జనంతోనో దేశంతోనో ప్రత్యేక సంబంధం ఉన్నదని వివరించారు. మహేంద్రం కళింగులది, మలయం పాండ్యులది, సహ్యం అపరాంతులది, వింధ్యం ఆటవికులది అన్న ఆయన వివరణ, ఈ జాబితా వెనుక జనపదాల స్మృతి ఉందని సూచిస్తున్నది.

2. నదుల ఆధారంగా పర్వత నిర్ణయం

విష్ణు, వాయు, మార్కండేయాది పురాణాలు పర్వతాల కొలతలు చెప్పలేదు. ఏ పర్వతంలో ఏ నదులు పుట్టాయో చెప్పాయి. ఈ నదీ పట్టికలే పర్వతాల ఉనికికి మొదటి ఆధారం.

సహ్య పర్వతం విషయంలో ఈ పద్ధతి ఎంత నిర్దుష్టమో తెలుస్తుంది. గోదావరి, భీమరథి, కృష్ణవేణి సహ్యంలో పుట్టాయని విష్ణుపురాణం చెప్పగా, మార్కండేయ పురాణం తుంగభద్రను, కావేరిని కూడా చేర్చింది. త్ర్యంబకం, భీమశంకరం, మహాబలేశ్వరం మొదలుకొని తలకావేరి వరకు ఈ నదుల జన్మస్థానాలన్నీ నేటి పడమటి కనుమలలో వరుసగా ఉన్నాయి. మలయంలో కృతమాల, తామ్రపర్ణి పుట్టాయని చెప్పినందువల్ల ఆ శ్రేణి పడమటి కనుమల దక్షిణ భాగమని స్పష్టమవుతున్నది. తామ్రపర్ణి జన్మస్థానం పొదిగై కొండలు. కృతమాలను పండితులు వైగై నదిగా గుర్తించారు. నేడు ఒకే శ్రేణిగా భావిస్తున్న పడమటి కనుమలను పురాణకర్తలు రెండు పర్వతాలుగా చూశారని దీనివల్ల గ్రహించవచ్చు.

వింధ్య, ఋక్షాల విషయంలో పురాణాల మధ్య ఏకవాక్యత లేదు. విష్ణుపురాణం ప్రకారం నర్మద వింధ్యంలోను, తాపి, పయోష్ణి ఋక్షంలోను పుట్టాయి. మార్కండేయ, వాయు పురాణాల ప్రకారం శోణ, నర్మదలు ఋక్షంలోను, తాపి, పయోష్ణులు వింధ్యంలోను పుట్టాయి. మొదటి పాఠాన్ని అనుసరిస్తే తాపికి జన్మనిచ్చిన సాత్పురా శ్రేణి ఋక్షం అవుతుంది. రెండవ పాఠాన్ని అనుసరిస్తే అదే శ్రేణి వింధ్యం అవుతుంది. నర్మదకు ఉత్తరాన ఉన్నది వింధ్య, దక్షిణాన ఉన్నది సాత్పురా అనే నేటి విభజనను ప్రాచీన గ్రంథాలన్నింటికీ ఒకే తీరుగా అన్వయించడం సాధ్యం కాదు. ఒక కావ్యంలో వింధ్య ప్రస్తావన వచ్చినప్పుడు, ఆ కవి ఏ పురాణ సంప్రదాయాన్ని అనుసరించాడో చూడకుండా నేటి వింధ్యను చూపడం తొందరపాటు అవుతుంది.

శుక్తిమంతం గురించిన చర్చ ఇంకా తెగలేదు. ఋషికుల్య, కుమారి మొదలైన నదులు ఇందులో పుట్టాయని పురాణాలు చెప్పాయి. కన్నింగ్‌హామ్ దీనిని ఛత్తీస్‌గఢ్, బస్తర్ ప్రాంతాలను వేరుచేసే కొండలుగా గుర్తించారు. పార్గిటర్ ఈశాన్యంలోని గారో, ఖాసీ కొండలవైపు మొగ్గారు. సి.వి. వైద్య కాఠియావాడ్ కొండలను సూచించారు. ఒకే పేరుకు దేశం నాలుగు చెరగులా స్థానాలు చూపవలసి రావడానికి కారణం, దాని నదుల గుర్తింపు నిలకడగా లేకపోవడమే. నది నిర్ణయమైన చోట పర్వతం నిర్ణయమైంది, నది సందిగ్ధమైన చోట పర్వతమూ సందిగ్ధంగానే మిగిలింది.

ఈ పద్ధతి పురాణాలకే పరిమితం కాదు. క్రీ.శ. 2వ శతాబ్దికి చెందిన టాలమీ తన భూగోళ గ్రంథంలో భారతదేశ పర్వతాలకు అక్షాంశ రేఖాంశాలు ఇస్తూనే, నదులు ఏ పర్వతాల నుండి వెలువడుతున్నాయో కూడా చెప్పాడు. ఆయన పేర్కొన్న ఔయిందియోన్‌ను వింధ్యగాను, ఔక్సెంతోన్‌ను ఋక్షవంతంగాను, బెత్తిగోను పొదిగైగాను పండితులు గుర్తించారు. గ్రీకు సంప్రదాయంలోని అంకెల కంటే ఆయన సేకరించిన నదీ సమాచారమే ఈ గుర్తింపులకు ఎక్కువగా తోడ్పడింది.

3. మహేంద్రం: శిఖరమా, శ్రేణియా?

తెలుగువారి చరిత్రతో నేరుగా ముడిపడిన కులపర్వతం మహేంద్రం. నేడు మహేంద్రగిరి అనే పేరు ఒడిశా రాష్ట్రం గజపతి జిల్లాలో, శ్రీకాకుళం జిల్లా సరిహద్దుకు చేరువలో ఉన్న 1501 మీటర్ల శిఖరానికి వాడుకలో ఉంది. పురాణ నామానికి ఈ శిఖరాన్ని పర్యాయంగా చూపడం సాధారణంగా కనిపిస్తుంది. నదీ పట్టికను పరిశీలిస్తే ఈ నిర్ణయం చాలదని తెలుస్తుంది.

మార్కండేయ పురాణం మహేంద్రంలో పుట్టిన నదులలో ఋషికుల్యను, లాంగూలినిని, వంశకరను పేర్కొన్నది. లాంగూలిని నేటి నాగావళి. వంశకర వంశధార. నాగావళి, వంశధారలు కలహండి, రాయగడ ప్రాంతాల కొండలలో పుట్టి శ్రీకాకుళం జిల్లాలో సముద్రాన్ని చేరుతున్నాయి. ఋషికుల్య కంధమాల్ జిల్లా దారింగబాడి ప్రాంతపు కొండలలో పుట్టి గంజాం జిల్లాలో సముద్రంలో కలుస్తున్నది. ఈ జన్మస్థానాలు ఏవీ మహేంద్రగిరి శిఖరం మీద లేవు. కాబట్టి పురాణకర్త దృష్టిలో మహేంద్రం అంటే ఋషికుల్య మొదలు నాగావళి వరకు గల నదులకు నీరందించే విశాలమైన పర్వతశ్రేణి. నేటి మహేంద్రగిరి ఆ శ్రేణిలోని ఒక శిఖరం. శ్రేణి పేరు కాలక్రమంలో దాని పవిత్ర శిఖరానికి పరిమితమైంది. ఆ శిఖర ప్రాంతంలో పుట్టిన నదికి మహేంద్రతనయ అనే పేరు ఉండటం గమనించదగినది. నదిని పర్వతపుత్రికగా భావించే పురాణ దృష్టి స్థలనామంలోనూ నిలిచింది.

విష్ణుపురాణం మహేంద్ర నదులలో త్రిసామను, ఆర్యకుల్యను చెప్పి, ఋషికుల్యను శుక్తిమంతానికి చేర్చింది. మార్కండేయంలో ఋషికుల్య రెండు పర్వతాల కింద కూడా కనిపిస్తుంది. ఒకే పేరు గల రెండు నదులు ఉండి ఉండవచ్చు, లేదా లేఖక ప్రమాదం వల్ల ఆర్యకుల్య, ఋషికుల్య అనే పేర్లు కలగలిసి ఉండవచ్చు. శ్రేణి ఎల్లలను నిర్ణయించడానికి ఒక్క నదిపై ఆధారపడరాదని, నదుల సముదాయాన్ని చూడాలని ఇది హెచ్చరిస్తున్నది.

రామాయణంలోని మహేంద్రం మరో చిక్కును తెచ్చిపెడుతుంది. కిష్కింధాకాండలో సుగ్రీవుడు దక్షిణదిక్కును వర్ణిస్తూ తామ్రపర్ణిని, పాండ్యదేశాన్ని చెప్పిన తరువాత సముద్రతీరంలోని మహేంద్రాన్ని ప్రస్తావించాడు. హనుమంతుడు సముద్రాన్ని లంఘించింది ఈ పర్వతం నుండే. తమిళనాడు దక్షిణ భాగంలో మహేంద్రగిరి పేరుతో ఒక శిఖరం నేటికీ ఉన్నది. మహాభారత వనపర్వంలో ధర్మరాజు కళింగదేశంలోని వైతరణిని దాటిన తరువాత దర్శించిన, పరశురాముని నివాసమైన మహేంద్రం తూర్పు తీరానిది. రఘువంశం నాలుగవ సర్గలో రఘువు కళింగుల మీదికి వెళ్ళినప్పుడు చెప్పిన మహేంద్రమూ ఇదే. కాళిదాసు ఆ తరువాత కావేరిని, మలయాన్ని, సహ్యాన్ని క్రమంగా చెప్పడం వల్ల ఆయన మహేంద్రం కళింగంలోనిదేనన్న విషయంలో సందేహం లేదు. ఒకే పేరుతో రెండు పర్వతాలు ఉన్నప్పుడు సందర్భంలోని నదులు, జనపదాలు మాత్రమే నిర్ణయం చేయగలవు.

4. ప్రశస్తులలో పర్వతాలు

వాసిష్ఠీపుత్ర పులుమావి 19వ పాలనా సంవత్సరంలో గౌతమీ బాలశ్రీ వేయించిన నాసిక్ గుహాశాసనం ఆమె కుమారుడు గౌతమీపుత్ర శాతకర్ణిని కీర్తిస్తున్నది. టాలమీ పైఠాన్ పాలకునిగా పేర్కొన్న రాజు ఈ పులుమావియే కాబట్టి, శాసనమూ, గ్రీకు గ్రంథమూ దాదాపు ఒకే కాలపు భూగోళ జ్ఞానాన్ని ప్రతిబింబిస్తున్నాయి. ఈ ప్రాకృత శాసనంలో శాతకర్ణి పదకొండు పర్వతాలకు అధిపతిగా వర్ణితుడయ్యాడు. వింధ్య, ఋక్షవత్, పారియాత్ర, సహ్య, కృష్ణగిరి, మచ, సిరిటన, మలయ, మహేంద్ర, సేటగిరి, చకోర అన్నవి ఆ పేర్లు. ఏడు కులపర్వతాలలో శుక్తిమంతం తప్ప మిగిలిన ఆరూ ఇందులో ఉన్నాయి.

మహేంద్రం పేరు ఉన్నందువల్ల శాతకర్ణి రాజ్యం కళింగం వరకు విస్తరించిందని, మలయం పేరు ఉన్నందువల్ల దక్షిణపు కొస వరకు ఆయన ఆధిపత్యం సాగిందని చెప్పడం సులభం. అయితే అదే శాసనంలో దేశాల జాబితా వేరుగా ఉన్నది. అసిక, అస్సక, మూలక, సురాష్ట్ర, కుకుర, అపరాంత, అనూప, విదర్భ, ఆకరావంతి అనే తొమ్మిది దేశాలకు ఆయన రాజు. ఈ జాబితాలో కళింగం లేదు, పాండ్యదేశం లేదు, ఆంధ్రదేశం పేరు సైతం లేదు. దేశాల జాబితా పడమటి దక్కనుకు, మాళవ సౌరాష్ట్రాలకు పరిమితం కాగా, పర్వతాల జాబితా వింధ్యకు దక్షిణాన ఉన్న భూభాగాన్నంతటినీ చుట్టివస్తున్నది. ఆయన వాహనాలు మూడు సముద్రాల నీరు త్రాగాయన్న విశేషణమూ ఈ పర్వతాల జాబితాకు తోడైనదే. పర్వతాలు, సముద్రాలు దక్షిణాపథ సార్వభౌమత్వాన్ని ప్రకటించే ప్రశస్తి సామగ్రి. పాలనలో ఉన్న ప్రాంతాలను తెలిపేది దేశాల జాబితా. హిమవత్, మేరు, మందర పర్వతాలతో రాజు సారాన్ని పోల్చడం కూడా ఇదే శాసనంలో ఉంది. అంతమాత్రం చేత ఆ పర్వతాలు ఆయన రాజ్యంలో ఉన్నాయని ఎవరూ అనరు.

ఆంధ్రప్రాంతంలో శాతవాహనుల పాలనకు నాణేలు, ఇతర శాసనాలు వంటి ఆధారాలు వేరుగా ఉన్నాయి. ఆ పాలనను ఇక్కడ ప్రశ్నించడం లేదు. దానికి మహేంద్ర నామాన్ని ఆధారంగా చూపడం సరికాదని మాత్రమే ఇక్కడి ప్రతిపాదన.

హరిషేణుడు రచించిన సముద్రగుప్తుని ప్రయాగ ప్రశస్తిలో సమస్య మరో రూపంలో ఉంది. దక్షిణాపథ రాజుల పట్టికలో పిష్టపురం, మహేంద్రగిరి, కొట్టూరం, స్వామిదత్తుడు అనే మాటలు ఒకే సమాసంలో కలిసి వచ్చాయి. పిష్టపురం నేటి పిఠాపురం. ఇందులో మహేంద్రగిరి వ్యక్తినామమా, పర్వతమా అన్నది ప్రశ్న. పిష్టపుర రాజు మహేంద్రుడని, కొండ మీది కొట్టూరానికి స్వామిదత్తుడు రాజని విడదీసినవారు ఉన్నారు. మహేంద్రగిరి దగ్గరి కొట్టూరానికి, పిష్టపురానికి కూడా స్వామిదత్తుడే రాజని అన్వయించినవారూ ఉన్నారు. ఆ పట్టిక నిర్మాణాన్ని గమనిస్తే కోసలానికి మహేంద్రుడు, మహాకాంతారానికి వ్యాఘ్రరాజు అన్నట్లు ప్రదేశానికి వెంటనే రాజు పేరు రావడం క్రమంగా కనిపిస్తుంది. ఆ క్రమాన్ని పాటిస్తే మహేంద్రగిరి పిష్టపుర రాజు పేరు అవుతుంది, కొట్టూరానికి స్వామిదత్తుడు మిగులుతాడు. సమాస విభజనలో వచ్చే ఈ చిన్న తేడా వల్ల క్రీ.శ. 4వ శతాబ్దంలో ఉత్తర కోస్తాలో రాజ్యాలు ఎన్ని, వాటి ఎల్లలు ఎక్కడ అన్న నిర్ణయమే మారిపోతుంది. శాసన పాఠంలో వ్యాకరణానికి, చరిత్రకు ఉన్న సంబంధం ఇక్కడ ప్రత్యక్షంగా కనిపిస్తున్నది.

5. వంశదేవతల నెలవులుగా పర్వతాలు

కళింగ గాంగుల తామ్రశాసనాలలో మహేంద్రం స్థిరమైన ఉనికిని పొందింది. మహేంద్రాచల శిఖరంపై వెలసిన గోకర్ణస్వామి పాదాలను ఆరాధించి రాజ్యాధికారం పొందినట్లు ఆ రాజులు చెప్పుకున్నారు. వంశధార తీరంలోని కళింగనగరం, అంటే నేటి ముఖలింగం, వారి రాజధాని. ఇక్కడ మహేంద్రం అంటే దేవుడు ఉన్న నిర్దిష్ట శిఖరం. శ్రేణి పేరు శిఖరానికి పరిమితం కావడంలో ఈ ఆరాధనకు గణనీయమైన పాత్ర ఉండి ఉంటుంది. 11వ శతాబ్దంలో రాజేంద్ర చోళుని పేర జయస్తంభ స్థాపనను తెలిపే శాసనం కూడా ఈ శిఖరం మీదే వెలసింది. జయించిన రాజు జయస్తంభానికి అదే శిఖరం వేదిక కావడం దాని రాజకీయ ప్రాధాన్యానికి నిదర్శనం.

ఆంధ్రదేశంలో శ్రీపర్వతం విషయంలోనూ ఇటువంటి పరిణామమే జరిగింది. క్రీ.శ. 3వ శతాబ్దపు నాగార్జునకొండ ఇక్ష్వాకు శాసనాలు విజయపురిని శ్రీపర్వతంతో కలిపి చెప్పాయి. పురాణాలు శ్రీపర్వతీయ ఆంధ్రులను ప్రస్తావించాయి. విష్ణుకుండినులు తమను శ్రీపర్వతస్వామి పాదభక్తులుగా చెప్పుకున్నారు. తరువాతి కాలంలో ఆ పేరు మల్లికార్జునుడు వెలసిన శ్రీశైలానికి స్థిరపడింది. నాగార్జునకొండ, శ్రీశైలాలలో ఏది అసలైన శ్రీపర్వతం అన్న వాదం, పర్వతనామాన్ని ఒకే శిఖరానికి పరిమితం చేసి చూడటం వల్ల పుట్టింది. శ్రీపర్వతాన్ని కృష్ణానది కిరువైపులా వ్యాపించిన నల్లమల శ్రేణికి పేరుగా గ్రహిస్తే రెండు సంప్రదాయాలకూ చోటు దొరుకుతుంది.

6. పేర్ల మార్పు: మల, ఘాట్, కనుమ

పర్వతాల ఉనికిని నిర్ణయించడంలో భాషాచరిత్రకూ పాత్ర ఉంది. మలయ శబ్దానికి మూలం కొండ అనే అర్థంలోని ద్రావిడ పదమని భాషావేత్తల అభిప్రాయం. తమిళంలో మలై, మలయాళంలో మల, తెలుగులో నల్లమల, ఎర్రమల అనే పేర్లలోని మల ఒకే కుదురుకు చెందినవి. స్థానికుల సామాన్యనామం సంస్కృతంలో విశేషనామమైంది. మలయపర్వతం అన్నప్పుడు కొండ అనే అర్థం రెండుసార్లు వచ్చినట్లే.

ఇటువంటి అర్థవిపరిణామమే ఆధునిక కాలంలో తూర్పు కనుమలు, పడమటి కనుమలు అనే పేర్లలో జరిగింది. ఘాట్ అనే మాటకు రేవు, కొండదారి అని అర్థం. తీరం నుండి దక్కను పీఠభూమికి ఎక్కే దారులకు ఉన్న ఆ పేరును ఐరోపావారు మొత్తం పర్వతాలకు అన్వయించారు. తెలుగులో కనుమ అంటే రెండు కొండల నడుమ దారి. బ్రౌన్ నిఘంటువు ఇచ్చిన అర్థమూ ఇదే. ఘాట్‌ను కనుమగా అనువదించినప్పుడు, ఇంగ్లీషులో జరిగిన అర్థవ్యత్యాసం తెలుగులోనూ స్థిరపడింది. దారి పేరు కొండకు వచ్చింది.

దీని ఫలితం మాటకే పరిమితం కాలేదు. మహేంద్రం, నల్లమల, వెలికొండలు, పాలకొండలు, శేషాచలం అనే భిన్న భిన్న శ్రేణులు తూర్పు కనుమలు అనే ఒకే పేరు కిందికి వచ్చాయి. గోదావరి, కృష్ణా డెల్టాల వద్ద తెగిపోయే ఈ శ్రేణులను ప్రాచీనులు ఏకపర్వతంగా భావించలేదు. భాగవతం ఐదవ స్కంధంలోని పర్వతాల జాబితాలో శ్రీశైలం, వేంకటం, మహేంద్రం వేరువేరుగా ఉన్నాయి. అందువల్ల కులపర్వతమైన మహేంద్రానికి తూర్పు కనుమలు అని వివరణ రాస్తే, నాగావళి, వంశధారల పర్వతాన్ని శేషాచలం దాకా సాగదీసినట్లవుతుంది.

7. ముగింపు

పై పరిశీలన వల్ల తేలిన అంశాలు ఇవి. కులపర్వతాలు ప్రధానంగా నదీజన్మస్థానాలను బట్టి ఏర్పడిన శ్రేణీనామాలు. సహ్య, మలయ, మహేంద్రాల విషయంలో పురాణాల నదీ పట్టికలు నేటి భూగోళంతో చాలావరకు సరిపోతున్నాయి. వింధ్య, ఋక్షాల విషయంలో పాఠభేదాన్ని బట్టి నిర్ణయం మారుతుంది. నాసిక్ శాసనం వంటి ప్రశస్తులలోని పర్వత జాబితాలను రాజ్యవిస్తీర్ణానికి ఆధారాలుగా తీసుకోరాదు. వాటిని అదే శాసనంలోని దేశాల జాబితాతో సరిచూడాలి. గాంగుల, విష్ణుకుండినుల శాసనాలలో పర్వతం వంశదేవత నెలవుగా వచ్చింది. శ్రేణి పేరు శిఖరానికి పరిమితం కావడానికి ఇది దోహదం చేసింది.

కాబట్టి ప్రాచీన వాఙ్మయంలోని పర్వతనామాన్ని వివరించేటప్పుడు సందర్భంలోని నదులను మొదట, జనపదాలను తరువాత, నేటి పేరును చివరగా పరిశీలించడం ఉచితం. మన పాఠ్యగ్రంథాలలోను, కావ్య వ్యాఖ్యానాలలోను ఈ క్రమం తరచుగా తలక్రిందులవుతున్నది. నేటి పేరుతో ప్రారంభించి ప్రాచీన పాఠాన్ని దానికి సరిపెట్టడం జరుగుతున్నది. తెలుగు శాసనాలలోను, స్థలపురాణాలలోను, కైఫీయతులలోను కొండల పేర్లు విస్తారంగా ఉన్నాయి. వాటిని సమీప నదులు, వాగులతో కలిపి సేకరించి పట్టికలుగా కూర్చితే, నల్లమల నుండి మహేంద్రం వరకు గల కొండల చరిత్రను స్థానిక ఆధారాలతో తిరిగి రాయడానికి అవకాశం ఏర్పడుతుంది.